బాలల టెలివిజన్‌లో బొమ్మలాట: పోలిగాని స్థానము

మార్కాపురము బడిపిల్లల పలకలకు ప్రసిద్ధి గాంచిన ఊరు. అచ్చటను, గిద్దలూరు ప్రాంతమునను నేటి బిడ్డలకు పలక కంటె ముందుగా పరిచయమగునది టెలివిజన్ తెర. తోలుబొమ్మలాటను ఈ తెర మ్రింగివేసినదని మన వ్యాసములలో తఱచుగా కనబడు వాదము మాకు సంపూర్ణముగా సమ్మతము కాదు.

బాలల టెలివిజన్‌నే జీవితవృత్తిగా గొన్న బొమ్మలాటగాండ్రలో అమెరికా దేశీయుడైన కెరొల్ స్పిన్నీ ముఖ్యుడు. 1969లో ఆరంభమైన 'సెసమీ స్ట్రీట్' కార్యక్రమములో ఆయన 2018 వఱకు పనిచేసెను. ఎనిమిదడుగుల పసుపుపచ్చని పక్షి 'బిగ్ బర్డ్' లోపల దాగి, కుడిచేయి పైకెత్తి దాని తలను కదపుచు, ఱొమ్మునకు కట్టుకొన్న చిన్న టెలివిజన్ తెరపై తన యాటను తానే చూచుకొనెడివాడు. మన తోలుబొమ్మలవానికి అట్టి యంత్రముతో పని లేదు. వెనుక దీపము, ముందు తెల్లని పంచె; బొమ్మను తెర కానించినంతనే ఊరివారు చూచు రూపమే, కుడియెడమలు మాత్రము తారుమారై, వానికిని గోచరించును.

అంతకంటె గమనింపదగిన పోలిక వేఱొకటి కలదు. ఆ కార్యక్రమమునకు తోడ్పడిన మనశ్శాస్త్రవేత్తలు బొమ్మలను మనుష్యులతో కలుపవలదని, కల్పనకు వాస్తవమునకు నడుమ గీత చెరుగరాదని సలహా యిచ్చిరి. ప్రసారమునకు పూర్వము పిల్లలకు చూపి పరీక్షింపగా, మనుష్యులు మాత్రమే యున్న వీథి దృశ్యములందు వారి చూపు నిలువలేదు. అంతట బొమ్మలను వీథిలోనికే తెచ్చిరి. జుట్టుపోలిగాడు, బంగారక్క ఏనాడో చేసిన పని యిదియే గదా! రామాయణ కథ నడుచుచుండగా వారు తెరపైకి చొఱబడి, ఊరి మాటలతో ఊరి తగవులాడుదురు. రావణుని లంకకును చూచువారి వీథికిని నడుమ గోడ నిలువదు.

మన దేశమున 1975 ఆగస్టు నుండి 1976 జూలై వఱకు ఉపగ్రహము ద్వారా ఆఱు రాష్ట్రములలోని 2,400 గ్రామములకు ప్రసారములు సాగెను. తెలుగును అందొక భాష. ఉదయపు భాగము బాలలది. ఇట్టి బోధనా ప్రసారములలో బొమ్మచేత పాఠము చెప్పించుట సులభము. పాఠమునకు అడ్డు తగులనిచ్చుట కష్టము. పోలిగాని పని రెండవది.

పోలిగాని మాటలలో బూతు మెండనుట నిజము. బాలల యెదుట అది యథాతథముగా చెల్లదు. పండితులును ఈ కారణముననే వానిని దూరముంచిరని మా యనుమానము. 2020లో నిమ్మలకుంట కళాకారుడు దళవాయి చలపతిరావుగారికి పద్మశ్రీ లభించినది, సంతోషము. అయినను తోలుపై చెక్కడమును మెచ్చినంతగా తెరవెనుకనుండి వినవచ్చు మాటను మనము మెచ్చుట లేదు. బూతు తీసివేసినచో పోలిగానికి మిగులున దేమి యని అడుగువారు స్పిన్నీ యాడించిన రెండవ బొమ్మను చూడవలెను. చెత్తడబ్బాలో కాపురముండి, వచ్చినవారినెల్ల కసరుచు, మంచిమాటకు పెడమాట చెప్పు 'ఆస్కార్' అది. వాని నోట బూతు లేదు. పసిపక్షిని ఆడించిన చేయియే వానిని ఆడించినది.