దోనెకు చుట్టిన పురాణం

సోలాపూర్ దాజీ పేట్ సందుల్లో తెల్లవారుతూనే సాంచాల, అంటే మరమగ్గాల, చప్పుడు మొదలవుతుంది. ఆ చప్పుడు మీదుగా గట్టిగా పలికే తెలుగు. తెలంగాణ పల్లెల్లో కరువుకు తాళలేక వచ్చినవాళ్లు కొందరు, 1877లో ఇక్కడ మొదటి నూలు మిల్లు వెలిశాక కూలి వెతుక్కుంటూ వచ్చినవాళ్లు ఇంకొందరు. తరాలు గడిచినా ఈ పద్మశాలీలు తమ పురాణాన్ని వదల్లేదు. శ్రావణ పౌర్ణమినాడు కొత్త జంధ్యాలు వేసుకొని మార్కండేయుడి రథం వెంట నడుస్తారు. ఊళ్లో ఒక పేట పేరు భద్రావతి పేట. ఆ పేరు వింటే పద్మశాలి ఇంట పుట్టినవాడికి సూర్యుడి కూతురు గుర్తుకొస్తుంది.

ఆమె కథ, ఆమెను పెళ్లాడిన భావనారుషి కథ తెలంగాణలో బట్ట మీద ఉండేవి. చుట్ట చుట్టిన ఆ బట్టను భుజాన మోసుకొని ఊరూరా తిప్పే కుటుంబాలుండేవి.

కథ ఇదీ. దేవతలకు ఒంటి మీద గుడ్డ లేదు. మార్కండేయుడు హోమం చేస్తే అగ్నిలోంచి భావనారుషి లేచాడు. విష్ణువు నాభి కమలం తూడులోంచి నూలు తీసి మొదటి బట్ట నేశాడు. భద్రావతిని పెళ్లాడాడు. పులినెక్కి కాలవాసురుణ్ణి చంపాడు. భావనారుషి నూటొక్క మంది కొడుకుల నుంచే తమ నూటొక్క గోత్రాలని పద్మశాలీల నమ్మకం. ఆయన పులినెక్కాడు కాబట్టే గుడి ముందు పులికీ చోటుంటుంది. రాజులు తమ వంశావళిని రాగిరేకుల మీద చెక్కించుకున్నారు, సాలెవాళ్లు బట్ట మీద గీయించుకున్నారు. ఇందులో నూలుంది, మగ్గముంది, బట్టకోసం ఎదురుచూసే దేవతలున్నారు. చేతిపనిని విశ్వానికి మొదట్లో నిలబెట్టిన చరిత్ర ఇది. దీన్ని కట్టుకథ అని పక్కన పెట్టేవాళ్లతో నాకు పేచీ ఉంది. ఏ సంవత్సరంలో ఏం జరిగిందో ఇది చెప్పదు. కానీ తన పని ఎంత గొప్పదో నేతగాడు ఏమనుకున్నాడన్నది ఇంత తేటగా ఇంకెక్కడ దొరుకుతుంది?

ఈ పటాలు గీసేది నకాషీలు. సిద్దిపేట జిల్లా చేర్యాల పేరుతో ఈ చిత్రకళ ఇవాళ లోకానికి తెలుసు. ముందు ముతక ఖాదీ బట్ట తీసుకుంటారు. బియ్యపు గంజి, సుద్దమట్టి, చింతగింజల అంబలి, తుమ్మజిగురు కలిపి పూస్తారు, ఆరనిస్తారు, మళ్లీ పూస్తారు. ఈ గంజి దగ్గర నేనెప్పుడూ ఆగిపోతాను. నూలు తెగకుండా సాలెవాడు పడుగుకు పట్టించేదీ గంజే. నేసేటప్పుడు దారానికి బలమిచ్చిన పదార్థమే, నేశాక బొమ్మకు నేలవుతోంది. మగ్గం పుట్టుకను చెప్పే బొమ్మ, మగ్గం మీంచి దిగిన బట్ట మీదే, నేతగాడి వంటింటి సరుకుతోనే నిలబడుతోంది.

ఆరిన బట్ట మీద పెన్సిలు గీత ఉండదు, కుంచెతోనే రేఖ. ఉడుత వెంట్రుకల కుంచెలు, దీపపు మసి, ఇంగిలీకం, నీలిమందు. వెనక నేలంతా ఎరుపు పరచుకుంటుంది. ఆ ఎరుపు మీద దేవుళ్లు నీలంగా, దేవతలు పసుపుగా, రాక్షసులు ముదురు రంగుల్లో తేలతారు. అడవి కావాలంటే ఒకటి రెండు చెట్లు, కొలువు కావాలంటే రెండు స్తంభాలు, ఒక తెర. దూరం, లోతు చూపే ప్రయత్నమే లేదు. ఇది చేతకానితనమని నేననుకోను. పటం చూసేది రాత్రి, దీపపు వెలుగులో, వాకిట కూర్చున్న జనం. ఆఖరి వరుసలోని ముసలమ్మకు కూడా ఎవరు దేవుడో, ఎవరు రాక్షసుడో ఒక్క చూపుకే తెలియాలి. నకాషీ గీత ఆమె కోసం పెట్టిన గీత.

పటం వెడల్పు మూడడుగులు, పొడవు ముప్పై నుంచి అరవై అడుగుల దాకా. పువ్వుల అంచులతో అడ్డ వరుసలుగా విడిపోయి, గణపతితో మొదలై కిందికి సాగుతుంది. దీన్ని విప్పి చెప్పే హక్కు కూనపులి వారిది. పద్మశాలీలను మాత్రమే అడిగే ఆశ్రిత కులం వాళ్లు. పేరులోనే పులి ఉంది. గౌడులకు ఏనోటివాళ్లు, ముదిరాజులకు కాకి పడగలవాళ్లు ఉన్నట్టే వీళ్లూ. ఒకరు పాడుతూ కర్రతో బొమ్మను తాకుతారు, పక్కన తాళం, హార్మోనియం. కర్ర తాకిన చోటే కథ జరుగుతుంది. జరిగిపోయింది చుట్టలోకి వెళుతుంది, జరగబోయేది ఇంకా విప్పలేదు. కొన్ని రాత్రులు ఇలాగే.

రాజస్థాన్ ఫడ్ కూడా దేవుడి కథ చెప్పే పొడవాటి బట్టే. కానీ దాన్ని మొత్తం ఒక్కసారే పరుస్తారు. అందులో బొమ్మలు ఏ ఊళ్లో జరిగింది ఆ ఊరి దగ్గరే ఉంటాయి, కథ వరుసలో కాదు. తెలంగాణ పటం దారి వేరు. కాలం ఎలా నడిస్తే అదీ అలాగే నడుస్తుంది. అందుకే చిన్న చట్రంలో బిగించి గోడకు తగిలించిన చేర్యాల బొమ్మను చూస్తే నాకు సంతోషంతో పాటు బెంగ కూడా. సినిమా, టీవీ వచ్చి పటం కథకులకు పిలుపులు తగ్గాక, ఆ చిన్న బొమ్మల అమ్మకాలే నకాషీ ఇళ్లల్లో కుంచెను నిలబెట్టాయి. కాదనను. కానీ చట్రంలోని పులి ఎక్కడి నుంచి వచ్చిందో, ఎవరి మీదికి దూకుతోందో చెప్పే గొంతు దాని పక్కన లేదు.

పాత పటాలు ఎక్కువగా మిగలకపోవడానికి ఒక కారణం భక్తే. చిరిగి పాతబడిన పటాన్ని పారేయరు, కొత్తది గీయించుకొని పాతదాన్ని నీళ్లలో కలుపుతారు. అలా నీళ్లపాలు కాకుండా మిగిలినవాటిలో 1625 నాటి భావనారుషి పటం ఒకటి హైదరాబాద్‌లోని జగదీశ్, కమలా మిట్టల్ మ్యూజియంలో ఉంది. అంటే చార్మినార్ కట్టి నలభై ఏళ్లు నిండకముందే సాలెవాళ్లు తమ కథను ఇంత శ్రద్ధగా గీయించుకుంటున్నారు.

మళ్లీ సోలాపూర్‌కు వస్తే, ఇక్కడి నేతగాడికీ బొమ్మ కొత్త కాదు. చద్దరు మీద నెమలి అతడి చేతిలోంచే వచ్చింది. 1804లో ఫ్రాన్సులో జకార్డ్ కనిపెట్టిన పద్ధతిలో, చిల్లులు పొడిచిన అట్టలు ఏ దారం లేవాలో మగ్గానికి చెబుతాయి. ఆ పద్ధతితోనే ఇక్కడి తెలుగువాళ్లు నాయకుల ముఖాలు, దేవుళ్ల రూపాలు గోడకు వేలాడదీసే బట్టలుగా నేస్తారు. ఒక్కో పేకకు ఒక్కో గీత. కనుబొమ్మ నేస్తున్నప్పటికి గడ్డం, నేసిన బట్టను చుట్టే దోనెకు చుట్టుకుపోయి ఉంటుంది. నేసేవాడి కళ్లముందు ఎప్పుడూ జానెడు బట్టే. మగ్గం మీంచి కోసి విప్పినప్పుడే ఆ ముఖం మొత్తం అతడికీ కనిపిస్తుంది.