మేకస్ కెమెరాలో అమ్మ అట్లు

ఆరుబయట పొయ్యి మీద ఒక ముసలి తల్లి ఆలుగడ్డ అట్లు వేస్తూ ఉంటుంది. కొడుకు కెమెరా పట్టుకుని ఆమె చుట్టూ తిరుగుతుంటాడు. బొమ్మ కుదురుగా నిలవదు. ఆమె ముఖం కనబడేలోపే పొగ, అంతలోనే చెట్లు. కెమెరా పట్టడం రాదని కొందరు తీసిపారేశారు. ఇరవై ఏడేళ్ల తర్వాత ఇల్లు చేరిన మనిషి అంతకంటే కుదురుగా ఎలా చూడగలడు?

ఆ కొడుకు జోనస్ మేకస్. సినిమా 1972లో వచ్చిన ‘రెమినిసెన్సెస్ ఆఫ్ ఎ జర్నీ టు లిథువేనియా’. మేకస్ 1922లో లిథువేనియాలో సెమెనిష్కియాయ్ అనే పల్లెలో పుట్టాడు. 1944లో తమ్ముడు అడోల్ఫాస్‌తో ఊరు విడిచాడు. దారిలో జర్మన్లు పట్టుకుని ఎల్మ్స్‌హార్న్‌లో వెట్టిచాకిరీకి పెట్టారు. యుద్ధం ముగిశాక కాందిశీకుల శిబిరాల్లో గడిపి, 1949లో న్యూయార్క్ చేరాడు. చేరీ చేరగానే అప్పు చేసి బోలెక్స్ కెమెరా కొన్నాడు.

ఆయన పనితనమంతా ఆ కెమెరాతోనే ముడిపడి ఉంది. బోలెక్స్‌కు గోడగడియారానికి ఇచ్చినట్టు కీ ఇవ్వాలి. ఒకసారి ఇస్తే అర నిమిషం ఆడుతుంది. వంద అడుగుల రీలు మూడు నిమిషాల్లోపే అయిపోతుంది. డైరీ రాసుకున్నట్టు సినిమా తీసేవాడికి ఆ కాస్త చాలు. మేకస్ చాలాసార్లు మీట తాకించి వదిలేసేవాడు, ఒకటో రెండో ఫ్రేములు పడేవి. తెర మీద సెకనుకు 24 ఫ్రేములు కదా, పూటంతా అప్పుడొకటి అప్పుడొకటిగా తీసినవి రెండు మూడు సెకన్లలో రెపరెపలాడి పోతాయి. ఎడిటింగ్ చాలావరకు తీస్తున్నప్పుడే, చేతిలోనే జరిగిపోయేది. లిథువేనియా భాగానికి ‘నూరు చూపులు’ అన్న అర్థం వచ్చే పేరు పెట్టి, ముక్కలకు నంబర్లు వేశాడు.

గొంతు మాత్రం తర్వాత వస్తుంది. ఈ పద్ధతిలో నన్ను అన్నిటికన్నా పట్టి ఉంచేది ఇదే. మొదటి భాగంలోని బ్రూక్లిన్ దృశ్యాలు 1950ల తొలినాళ్లవి. కొత్తగా వచ్చిన లిథువేనియన్లు వీధుల్లో, విందుల్లో గుంపులుగా కనిపిస్తారు. ఇరవై ఏళ్ల తర్వాత మేకస్ ఆ రీళ్లకు గొంతు కలిపాడు. ఊరి యాస పోని ఇంగ్లీషులో, ఆగి ఆగి, మాట వెతుక్కుంటూ మాట్లాడతాడు. బొమ్మలోని కుర్రాడికి ఇల్లు ఎప్పుడు చూస్తాడో తెలియదు. మాట్లాడేవాడు చూసి వచ్చాడు. ఇద్దరూ ఒక్కడే, ఒకే తెర మీద. పాత ఆల్బమ్ తిరగేస్తూ మన ఇళ్లలో పెద్దవాళ్లు ‘అప్పటికింకా మీ తాతయ్య ఉన్నారు’ అన్నప్పుడు ఫొటో ఉన్నట్టుండి బరువెక్కుతుందే, అలాంటి బరువు ఇక్కడ ప్రతి ముక్కకూ ఉంటుంది.

సినిమా అమ్మ దగ్గర ఆగిపోతుందనుకుంటాం. ఆగదు. మేకస్ ఎల్మ్స్‌హార్న్ వెళ్లి, తాను చాకిరీ చేసిన చోటు వెతుకుతాడు. అక్కడ అలాంటిదొకటి ఉండేదని ఎవరికీ గుర్తులేదు. అక్కణ్ణుంచి వియన్నా, స్నేహితులు, కబుర్లు. ఆఖరున ఆ ఊరి పండ్ల మార్కెట్ రాత్రివేళ తగలబడుతుంటుంది. మేకస్ కెమెరాకు మళ్లీ కీ ఇచ్చి తీస్తూ ఉంటాడు.