విజ్ఞానరచనలో విస్మయము: ఫారడే క్రొవ్వొత్తి ఉపన్యాసములు

భరతముని నాట్యశాస్త్రమున విస్మయమును అద్భుతరసమునకు స్థాయిభావముగ నిరూపించి, దివ్యజన దర్శనము, ఇంద్రజాలము మున్నగువానిని విభావములుగ పేర్కొనెను. విశ్వనాథుడును సాహిత్యదర్పణమున లోకమును మించిన వస్తువే అద్భుతమునకు ఆలంబనమనెను. జనరంజకమైన విజ్ఞానరచన యీ లక్షణమునకు విరుద్ధముగ కానవచ్చుచున్నది. దాని వస్తువు దీపపు మంట, వంటయింటి పొగ, మంచుబిందువు. పైగా అది వింతను చూపి యూరకుండక కారణమును గూడ చెప్పును. కారణము తెలిసినంతనే విస్మయము నశించును గావున, ఇట్టి రచన బోధయే కాని సాహిత్యము కాజాలదని ఆక్షేపింపవచ్చును. ఈ యాక్షేపమును పరీక్షించుటకు మైకేల్ ఫారడే క్రొవ్వొత్తి ఉపన్యాసములు తగిన లక్ష్యము.

లండను నగరమందలి రాయల్ ఇన్‌స్టిట్యూషనులో క్రిస్మసు దినములందు బాలబాలికలకై ఉపన్యాసము లిప్పించు ఆచారము 1825లో నేర్పడెను. ఫారడే 1860-61 శీతకాలమున నొసగిన యారు ఉపన్యాసములను విలియం క్రూక్సు పరిష్కరింపగా, అవి 1861లో గ్రంథరూపమున వెలువడెను. ఫారడే కమ్మరి కుమారుడు. పుస్తకములకు అట్టలు కట్టు పనిలో శిష్యుడుగ నుండి, ఆ పుస్తకములనే చదివి శాస్త్రమున ప్రవేశించినవాడు. జేన్ మార్సెట్ రచించిన రసాయనశాస్త్ర సంభాషణలు అతనికి దారి చూపిన గ్రంథములలో నొకటి. తానట్లు నేర్చినవాడగుటచే పామరుని సందేహమెచట పుట్టునో అతడెరుగును.

గ్రంథనిర్మాణమును గమనింపుడు. ప్రథమమున ఫారడే వెలుగుచున్న వత్తి చుట్టును గిన్నెవలె నేర్పడిన గుంటను చూపును. మంట వేడిచే గాలి ప్రక్కలనుండి పైకి ప్రవహించి అంచును చల్లబరచుటచేత, నడుమ మాత్రమే మైనము కరగి నిలుచును. కరగిన మైనము మంటను చేరుటెట్లు? ఉప్పుదిమ్మ యొకటి రంగు కలిపిన ఉప్పునీటిని పైకి పీల్చుట చూపి, సన్నని సందులగుండ ద్రవము ప్రాకు గుణమును స్ఫురింపజేయును. మన ప్రమిదలోని నూనె ప్రత్తివత్తి నెక్కుటకును హేతువిదియే. పిమ్మట మండునది ద్రవమా, ఆవిరియా యను ప్రశ్న వచ్చును. ఆర్పిన వత్తినుండి లేచు పొగకు రెండుమూడంగుళముల దూరమున నిప్పు చూపగా, మంట గాలిలో పరుగెత్తి వత్తి నంటుకొనును. మండునది ఆవిరియని వేరుగ చెప్పనక్కరలేదు.

ఇచ్చట మొదటి యాక్షేపమునకు సమాధానము లభించుచున్నది. ఈ గ్రంథమున కారణము విస్మయమును చంపుట లేదు. దానిని మరియొక చోటికి తరలించుచున్నది. ప్రతి సమాధానమును తరువాతి ప్రశ్నకు బీజము. మంటపై చల్లని పాత్రను పట్టగా నీటిబొట్లు నిలుచును. నిప్పునుండి నీరు పుట్టుట యెట్లను విస్మయము ఉదజనికి దారి తీయును. సున్నపుతేట తెల్లబారుట బొగ్గుపులుసు గాలిని పట్టియిచ్చును. తుదకు మనుష్యుని ఊపిరియు ఆ తేటనే తెల్లబరచుట చూపి, మన శరీరమందును దహనమువంటి వ్యాపారము జరుగుచున్నదని ఫారడే తేల్చును. క్రొవ్వొత్తిని చూడవచ్చిన బాలుడు తన్ను తాను చూచుకొనును. లోకోత్తర వస్తువు లేకయే అద్భుతము సిద్ధించినది.

దీనికి భిన్నమైన మార్గము యాకొవ్ పెరెల్మాన్ 1913లో ప్రకటించిన వినోద భౌతికశాస్త్ర గ్రంథమున కలదు. అతడు చమత్కారముతో ప్రారంభించును. కాగితపు పెట్టెలో నీరు మరగించినను కాగితము కాలదు. వేడిని నీరు గ్రహించుచుండుటయే హేతువు. వెల్సు రచించిన నవలలోని అదృశ్యమానవుడు గ్రుడ్డివాడు కావలెను. వెలుగు నడ్డగింపని కంటిలో బింబమేర్పడదు. పాఠకుని తెలివికి ఈ ప్రకరణములు మిక్కిలి పదును పెట్టును. ఐనను ముక్తకములవలె నొకదానికొకటి సంబంధింపవు. ఫారడే రచన ప్రబంధమువంటిది. పూర్వభాగమును విడిచి ఉత్తరభాగమును చదువరాదు. పొడుపు విడిన వెంటనే తీరు కుతూహలముకంటె, విడిన కొలది పెరుగు కుతూహలమే రసపదవికి సమీపమని నా మతము.

ఫారడే గ్రంథము నిర్దోషము కాదు. అది కంటిముందు జరిగిన ప్రయోగములకు వ్యాఖ్యానము. “ఇటు చూడుడు” అనుచోట్ల శ్రోతకు మంట కనబడినది. పాఠకునకు అక్షరములే మిగిలినవి. స్వయముగ ప్రయోగము చేయని పాఠకునకు కొన్ని పుటలు వెలవెలబోవుట సత్యము.

ఈ విచారణ మన భాషకు అప్రస్తుతము కాదు. 1906లో కొమర్రాజు లక్ష్మణరావుగారు మున్నగువారు స్థాపించిన విజ్ఞానచంద్రికా మండలి చరిత్రతోపాటు ప్రకృతిశాస్త్రములను తెలుగున వెలయించెను. నాటినుండియు చర్చ పరిభాషపైననే యెక్కువగ సాగినది. పరిభాష ముఖ్యమే. ‘ఉదజని’ యనగా నీటిని పుట్టించునది. ఫారడే ప్రయోగము ఆ పేరులోనే యిమిడియున్నది. ‘ఆమ్లజని’ యట్లుకాదు. ఆమ్లములన్నిటికిని అదియే మూలమను లవోయిజర్ పొరపాటు ఆ పేరుతోనే మనకు దిగుమతియైనది. ఆమ్లజని లేని ఆమ్లములును కలవు. సున్నపుతేటయన్న యింటిమాటకు వ్యాఖ్య యవసరము లేదు.

కాని మంచి మాటలు కూర్చినంతమాత్రమున మంచి విజ్ఞానరచన కాదు. నిర్వచనము ముందును ఉదాహరణము వెనుకను నిలిపిన వాక్యమున సందేహము పుట్టకముందే సమాధానము వచ్చును, విస్మయమునకు తావుండదు. వస్తువు ముందు, ప్రశ్న తరువాత, పేరు తుదిని వచ్చు క్రమమే ఫారడే శిల్పము. అనువాదకుడు మొదట కాపాడవలసినది ఈ క్రమమును. విమర్శకుడును ఇట్టి గ్రంథమును విషయశుద్ధితో మాత్రమే తూచక, ప్రశ్న యెచట పుట్టినది, ఎంతదూరము నిలిచినదియు పరిశీలింపవలెను. అప్పుడే విజ్ఞానరచన మన సాహిత్య విమర్శలో తనకు తగిన స్థానమును పొందగలదు.