గడి జ్ఞాపకం: నర్సింగరావు ‘దాసి’

కుటుంబ జ్ఞాపకాలను తెరకెక్కించేవారు తరచు తాతల వైభవాన్నే తలచుకుంటారు. ‘దాసి’ (1988)లో బి. నర్సింగరావు వేరే దారి పట్టారు. తెలంగాణ భూస్వామ్య కుటుంబంలో పుట్టిన ఆయన, దొర గడిని అందులో ఊడిగం చేసే కమలాక్షి వైపు నుంచి చూపారు. దొరసాని వెంట అరణంగా వచ్చిన ఆడబాప ఆమె. దొర వల్ల కలిగిన గర్భాన్ని నిలుపుకొనే హక్కు కూడా ఆమెకు లేదు.

ఎ.కె. బీర్ ఛాయాగ్రహణానికీ, తోట వైకుంఠం కళాదర్శకత్వానికీ జాతీయ పురస్కారాలు వచ్చాయి. ఆ పనితనం గడికి శోభ కూర్చలేదు; గోడలూ, వాకిళ్ళూ కమలాక్షి బతుకుకు హద్దులుగానే నిలుస్తాయి. బాలు మహేంద్ర తమిళ చిత్రం ‘వీడు’కు 1987 సంవత్సరపు జాతీయ ఉత్తమ నటి పురస్కారం పొందిన అర్చన, మరుసటి ఏటి పురస్కారాన్ని ఈ పాత్రకే అందుకున్నారు.

ఇందులో ఒక లోటు చెప్పుకోవాలి. కమలాక్షి మౌనం అణచివేతను తెలుపుతుంది గాని, ఆమె మనసులోని మాటను తెలపదు. గడుల పక్షాన పుట్టిన దర్శకునికి అది పరిమితి. తాను ఎరుగని గొంతును కల్పించకపోవడం మాత్రం ఆయన నిజాయితీ.

కాట్పాడి, గుడియాత్తం ప్రాంతాల్లో ఇంట తెలుగు మాట్లాడుతూ బడిలో తమిళం చదివిన విద్యార్థులు తమ కుటుంబ చరిత్రలు సేకరించేటప్పుడు ఈ చిత్రాన్ని గుర్తుంచుకోవాలి. ఇంటి పెద్దల మాటలతోపాటు ఆ ఇంట పనిచేసినవారి మాటలనూ రాసుకుంటేనే వారసత్వం పూర్తిగా తెలుస్తుంది.