కుమార వర్మ కోసం ఎవరు ఏడ్చారు?

'బాహుబలి 2' (2017) గురించి మా క్లాసులో ఎవరిని అడిగినా కట్టప్ప పేరే చెప్తారు. నాకు మాత్రం కుమార వర్మ గుర్తుంటాడు. కుంతల రాజుగారి చుట్టం. అటు రాజు కాడు, ఇటు మామూలు మనిషీ కాడు, నడిమి మెట్టు మీద ఉన్నవాడు. 'పాతాళ భైరవి' (1951)లో రేలంగి వేసిన రాజుగారి బావమరిదీ ఇలాంటివాడే. మన జానపద సినిమాల్లో రాజుగారి చుట్టమంటే నవ్వించడానికే అన్నమాట!

రాజమౌళి అక్కడితో ఆగలేదు. పిండారీలు మీద పడ్డ రాత్రి బాహుబలి ఇతనికి ధైర్యం చెప్పి కత్తి పట్టిస్తాడు. అప్పుడు సుబ్బరాజు ముఖం చూడాలి, భయంతోనే చెయ్యి ఎత్తుతాడు. సినిమాలో నాకు బాగా నచ్చిన చోటు ఇదే.

ఆ ధైర్యాన్నే తర్వాత బిజ్జలదేవుడు వాడుకుంటాడు. బాహుబలికి ప్రాణాపాయం ఉందని నమ్మించి, భల్లాలదేవుడి మీదికి పంపుతాడు. వర్మ చచ్చిపోతాడు. ఆ చావు బాహుబలి మీద నేరం మోపడానికి పనికొచ్చింది, అంతే. దేవసేన తన ఇంటి మనిషి కోసం రెండు నిమిషాలు ఏడ్చే దృశ్యం ఒకటి పెట్టి ఉండాల్సింది. రెండున్నర గంటలు దాటిన సినిమాలో అంత చోటు లేకపోయిందా?