అద్దాల పెట్టెలో అడవి ఇముడుతుందా?

సూరత్ రింగ్ రోడ్డు బట్టల మార్కెట్ల దగ్గర ఒక మేడగదిని ఊహించుకోండి. బతుకుతెరువు కోసం వెళ్ళిన తెలుగు నేత కుటుంబాలెన్నో ఉన్న నగరమది. ఆ గదిలో ఒక గాజుపెట్టె, అందులో ఆకుపచ్చ చెట్టు ఉడుము. "వేడికి దీపముంది, తేమకు నీటి తుంపర ఉంది. పైగా ఇది పెంపకంలో పుట్టింది, అడవికి నష్టం లేదు" అంటాడు యజమాని. ఈ మాటలు ఎంతవరకు నిలుస్తాయో చూద్దాం.

చెట్టు ఉడుములు న్యూగినీ, దాని పరిసర దీవుల వానాడవుల జీవులు. తోకను కొమ్మకు చుట్టి, ఐదో కాలిలా వాడుకుంటాయి. ఇవి శీతల రక్త జంతువులు కనుక ఎండకూ నీడకూ మారుతూ శరీరపు వేడిని సర్దుకుంటాయి. చిన్న పెట్టెలో దీపం పెడితే అంతా ఒకేలా కాగుతుంది, తేమ ఆరిపోతుంది. తేమ నిలవాలని మూత బిగిస్తే గాలి ఆడక బూజు పడుతుంది. అడవిలో ఇవి చెట్లమీది చెదగూళ్ళలో గుడ్లు పెట్టినట్టు నమోదైంది. తగిన చోటు దొరకని ఆడ ఉడుము గుడ్లు బయటికి రాక చనిపోవచ్చు కూడా. అంటే కావలసింది దీపం ఒక్కటే కాదు. ఎత్తు, గాలి, ఎండనీడల తేడా, గూటి చోటు అన్నీ కలిసి ఉండాలి.

ఇక రెండో మాట. ఇండోనేషియా నుంచి పెంపకపు జీవులుగా ఎగుమతైన ఆకుపచ్చ కొండచిలువల్లో కనీసం 80 శాతం అడవిలో పట్టినవేనని జెస్సికా లయన్స్, డేనియల్ నటుష్ 2011లో అంచనా వేశారు. అది పాముల లెక్క. ఉడుములకు అదే శాతం అంటగట్టకూడదు. అయితే కాగితం మీది ముద్ర దానంతటదే రుజువు కాదని తేలింది కదా! 2001లో శాస్త్రలోకానికి పరిచయమైన నీలి చెట్టు ఉడుము బటాంటా దీవి ప్రాంతానికే పరిమితం. అంత చిన్న తావులో కొన్నింటిని పట్టినా నష్టం పెద్దదే.

జంతుప్రదర్శనశాలల్లో వీటిని శ్రద్ధగా పెంచి, పిల్లలు చేయించినవారు మనకు విలువైన జ్ఞానం ఇచ్చారు. దాన్ని కాదనలేం. కానీ వారి విజయం ప్రతి మేడగదికీ వర్తించదు.

చట్టం సంగతీ తెలుసుకోండి. మన ఉడుము 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టంలో మొదటి షెడ్యూలు జీవి. దాన్ని పట్టడం, పెంచడం నేరం. 2022 సవరణతో విదేశీ చెట్టు ఉడుములు కూడా నమోదు నిబంధన కిందికి వచ్చాయి. అయితే నమోదు వల్ల యజమాని ఎవరో తెలుస్తుంది గాని, జంతువు సుఖంగా ఉందో లేదో తెలియదు.

ఎవరైనా మీకు ఇలాంటి జీవిని చూపితే మూడు ప్రశ్నలు అడగండి: దీని తల్లిదండ్రులు ఎక్కడున్నాయి? పెట్టెలో ఏ మూల ఎంత వేడి? ఇది గుడ్లు ఎక్కడ పెడుతుంది? జవాబులు లేకపోతే, ఎంత అందంగా ఉన్నా అది బందిఖానాయే.