వెలిగే కుక్కగొడుగు

పోయిన ఆదివారం మా చెల్లెలు ఆత్మకూరు నుంచి ఉదయగిరి వచ్చింది. సంచీలో పైన వంకాయలు, అడుగున రెండు వందల పేజీల నోటుబుక్కు. వంకాయలు నా మీద ప్రేమతో తెచ్చింది. నోటుబుక్కు మాత్రం కూతురి మీద కోపంతో తెచ్చింది.

"ఇది చదివి, పనికిరాదని ఒక్క మాట రాసియ్యక్కా. నువ్వంటే వింటుంది. ఇంటరు పరీక్షలు నెత్తిమీద పెట్టుకుని రాత్రిళ్లు ఇదే పని" అంది.

సరేనని చేతికి తీసుకున్నాను. పక్కన పెట్టిన కాఫీ చల్లారిపోయిందంటే ఎలా చదివానో మీరే ఊహించుకోండి.

మా పిల్ల ఒక లోకాన్ని కల్పించింది. అక్కడ నిప్పన్నది లేదు. జనం కొండ కడుపులో గుహల్లో బతుకుతుంటారు. ఎక్కడో ఒకచోట, కుళ్లిన మాను మీద, అరుదుగా ఒక బూజు పుడుతుంది. దాని పేరు వెన్నెలబూజు. చీకట్లో పచ్చగా వెలుగుతుంది. ఆ కొండ ఏదో నాకు చప్పున తెలిసిపోయింది. మా ఉదయగిరి దుర్గమే! సెలవులకు వచ్చినప్పుడల్లా మా మేడ మీంచి చూసి చూసి, చెప్పాపెట్టకుండా ఎత్తుకుపోయింది.

నచ్చనిది ముందు చెప్పేస్తాను. ఆ బూజు చెయ్యని పని లేదు. రాస్తే గాయం మానుతుంది, తాకిస్తే తలుపు తెరుచుకుంటుంది, విసిరితే శత్రువు మాడిపోతాడు, తింటే ముసలి రాణికి వయసు తిరిగొస్తుంది. అన్ని జబ్బులకూ ఒకే మాత్ర ఇచ్చే డాక్టరు దగ్గరికి మనం రెండోసారి వెళ్తామా? నాయకురాలు చిక్కులో పడ్డప్పుడల్లా మూట విప్పుతుంది, చిక్కు విడిపోతుంది. ఇరవయ్యో పేజీకల్లా ఆ అమ్మాయి గురించి నాకు బెంగ తీరిపోయింది. బెంగ తీరాక ఇక పేజీ ఎందుకు తిప్పాలి?

మన పెద్దలు ఈ విషయంలో గడుసువాళ్లు సుమండీ. వాల్మీకి యుద్ధకాండలో ఓషధులకు పది దిక్కులనూ వెలిగించేంత కాంతినిచ్చాడు. ఇచ్చి ఊరుకోలేదు. తమ కోసం ఎవరో వచ్చారని తెలియగానే అవి కనిపించకుండా దాక్కున్నాయన్నాడు. అందుకేగా హనుమంతుడు కొండనే పెకలించుకుపోవలసి వచ్చింది!

మా దుర్గానికి దగ్గర చుట్టరికం ఉన్న కావ్యం మరొకటుంది. 18 నెలల ముట్టడి తర్వాత 1514లో ఈ కోటను గజపతుల నుంచి గెలుచుకున్న కృష్ణదేవరాయలే పెద్దన చేత మనుచరిత్ర కృతి పుచ్చుకున్నాడు. అందులో సిద్ధుడిచ్చిన పాదలేపం ఎంత గొప్పది! కాళ్లకు రాసుకుంటే చాలు, హిమాలయానికి చేర్చింది. కానీ అక్కడి మంచుకు కరిగిపోయింది. కరగకపోతే ప్రవరుడు వేళకి ఇంటికొచ్చి భోంచేసేవాడు. వరూధిని ఊసే ఉండేది కాదు.

నవ్వకండి, నిజంగా వెలిగే బూజుకూ ఇదే జబ్బు! అవును, లోకంలో వెలిగే పుట్టగొడుగులు, బూజులు ఉన్నాయి. వంద జాతులకు పైనే. వానాకాలంలో మహారాష్ట్ర భీమాశంకర్ అడవిలో కుళ్లిన కొమ్మల మీద కనిపిస్తాయి. వాటిలోని ఒక పదార్థం ప్రాణవాయువుతో కలిసి, వేడి లేని ఆకుపచ్చ వెలుగునిస్తుంది. తడీ గాలీ ఉండాలి. 1775లో అమెరికాలో డేవిడ్ బుష్నెల్ అనే ఆయన టర్టిల్ అని ఒక్క మనిషి పట్టే జలాంతర్గామి కట్టాడు. లోపల దీపం పెడితే ఉన్న కాస్త గాలీ అదే తినేస్తుంది. అంచేత దిక్సూచి ముల్లు కనపడటానికి వెలిగే బూజు పట్టిన చెక్కముక్క పెట్టుకున్నాడు. చలి ముదిరేసరికి వెలుగు కాస్తా పోయింది. పెద్దనగారి లేపానికి మంచు, బుష్నెల్‌గారి చెక్కకు చలి!

మార్క్ ట్వేన్ హకల్‌బెరీ ఫిన్ నవలలో కూడా పిల్లలు రహస్యంగా తవ్వే పనికి ఇలాంటి పుచ్చుకర్రలే ఏరుకొస్తారు. లాంతరయితే పట్టిస్తుంది. ఆ వెలుగు మసకగా ఉండటమే వాళ్లకు కావలసింది.

మరి మా పిల్లకు ఇదంతా తెలియదా అంటే, తెలియకుండానే ఒకచోట పట్టుకుంది. 63వ పేజీ. నాయకురాలి తల్లి అందరూ పడుకున్నాక, గోరంత బూజుముక్క అరచేతిలో పెట్టుకుని ఉత్తరం చదువుకుంటుంది. ఒక్కొక్క అక్షరం మీదికి చెయ్యి జరుపుకుంటూ. సగం ఉత్తరం అయ్యేసరికి వెలుగు ఆరిపోతుంది. మిగతా సగంలో ఏముందో ఆవిడకూ తెలీదు, మనకూ తెలీదు.

అక్కడ నేను ఆగిపోయాను. మా అమ్మ వంటిల్లు సర్దుకున్నాక, కిరసనాయిలు బుడ్డి వత్తి బాగా తగ్గించి, వారపత్రికలో సీరియలు చదివేది. వెలుతురు ఎక్కువైతే నాయనకు మెలకువ వస్తుందని భయం. ఆమె పోయేనాటికి ఈ పిల్ల పుట్టనేలేదు.

చెల్లెల్ని పిలిచి ఆ పేజీ చేతికిచ్చాను. నిలబడే చదివింది. "అమ్మ కదక్కా ఇది" అంది. తర్వాత పనికిరాదని రాసిమ్మన్న మాట ఎత్తలేదు. వంకాయలు తరగడానికి కూర్చుంది.

నేను మొదటి నలభై పేజీలకూ ఎర్ర సిరాతో అడ్డగీత కొట్టి, 63వ పేజీ పక్కన టిక్కు పెట్టి, బుష్నెల్ సంగతి కింద రాసి పంపాను. మర్నాడు రాత్రి పిల్ల ఫోను చేసింది. అడ్డగీతల గురించి అలుగుతుందేమోననుకున్నాను.

"చలికి ఆరిపోతుందా పెద్దమ్మా? మరి ఆమె దాన్ని కొంగులో చుట్టి పొట్ట దగ్గర పెట్టుకుంటే?"

"గాలాడకపోయినా ఆరిపోతుంది కదే."

కాసేపు పలకలేదు.

"అయితే కాసేపు మూస్తుంది, కాసేపు తెరుస్తుందిలే" అని పెట్టేసింది.